ఉత్త విల్లు

ఆదోనిలో రైలు దిగేటప్పటికి
నా పెట్టెలో పదకొండు దేశాల చప్పుళ్లున్నాయి.
మంగోలియాలో గొర్రెల కాపరి బిడ్డను నిద్రపుచ్చే గొంతు,
మాలిలో జొన్నలు దంచే ఆడవాళ్లు,
ఒక రోట్లో మూడు రోకళ్లు, ఒకటింకోదానికి తగలదు.
జార్జియాలో ఒక ముసలాయన
శవం ముందు పాడటం ఆపి, నా వైపు తిరిగి
"తీసుకున్నావా?" అని అడిగాడు.
తీసుకున్నాను.
ముప్పై ఏళ్లుగా నా పని తీసుకోవడమే.

జిన్నింగు మిల్లు వెనక సందులో ఉసేనప్ప ఇల్లు.
గోడకు, ఆగిన గడియారం పక్కన, విల్లు.
ఆరడుగులది. తంతి సడలి వేలాడుతోంది.
మా జేజినాయన అట్లాంటిదే భుజానేసుకుని
వీధి వెంట మీటుకుంటూ పోతే
కేక వేసే పనే లేదు,
పాత పరుపులు వాటంతటవే అరుగుల మీదికొచ్చేవంట.
బళ్లో "మీ ఇంట్లో ఏం పని?" అంటే
"వ్యాపారం" అనేవాణ్ణి.
నా తలలో దూది వాళ్లకు కనపడేది.

కెమెరా నిలబెట్టాను.
"ఒక్కసారి మీటు చిన్నాయనా, చాలు."
ఆయన నన్ను చూశాడు, కెమెరాను కాదు.
"ఉత్త విల్లు మీటేదానికి నేనేమన్నా పిచ్చోణ్ణా?
దూది తేపో."

పత్తి ఊళ్లో దూది కోసం తిరిగాను.
మిల్లుల్లో అన్నీ బేళ్లే, విడిగా అమ్మరు.
చివరికి యార్డు గేటు దగ్గర
లారీల కింద రాలింది ఏరుకునే మస్తానమ్మ
పాత చీర మూట విప్పి మూడు కిలోలు తూచింది.
"సినిమావోళ్లకు దూదెందుకు, చెవుల్లోకా?"

ఉసేనప్ప తలుపు మూశాడు, ఫ్యాను ఆపించాడు,
తంతి బిగించి చెవికానించుకున్నాడు.
గుండుతో కొట్టాడు.

దాన్ని ఏ అక్షరంతో రాయాలో ఇప్పటికీ తెలీదు.
టంగ్ కాదు. ధుం కాదు.
ముందు పొట్టకు తగిలింది, చెవికి తర్వాత.
పింజ లేచింది. లెన్సు మీద వాలింది.
తుడిచాను. వాలింది.
తుడవడం మానేశాను.
రాత్రి చూసుకుంటే నలభై నిమిషాలు ఒకటే తెలుపు,
మధ్యమధ్య ఒక మోచేయి.

వచ్చేటప్పుడు దిండు కుట్టిచ్చాడు.
డబ్బులిస్తే, దూది నాదే కాబట్టి
దాని ఖరీదు వెనక్కిచ్చాడు.

గుంతకల్లు ప్యాసింజర్‌లో ఎదుటి సీటాయన
నా ఒళ్లోకి చూసి, మెత్తగా ఉందా సామీ అన్నాడు.
ఇంకా తల పెట్టలేదన్నాను.