అగ్గిపెట్టె

కొచబాంబాలో రెక్టార్ గదికి కొత్త తెరలు.
నికనోరా చోకె సంతకాలు పెడుతోంది:
హాస్టల్ పైకప్పు, జీతాల బకాయి, సమ్మె నోటీసు.

ముప్పయ్యేళ్ళ కిందట
మట్టిగోడల పగుళ్ళలో టార్చి వేసి
నిద్రలో చెంపలు కుట్టే పురుగుని
పట్టకారుతో లాగిన చేతులివి.
అది కుట్టిన మనిషి ఎన్నాళ్ళకో
దుక్కి మధ్యలో గుండె పట్టుకుంటాడని
ఆ కొండల్లో ఎద్దులకీ తెలుసు.

ఆర్థిక సంఘం సమావేశంలో గుమాస్తా వంగి చెప్పాడు:
ఎవరో ముసలాయన. అగ్గిపెట్టె తెచ్చాడు.
లోపలేదో గీరుతోంది.

లేచింది.
"మరి బడ్జెట్?" అన్నారెవరో.

మెట్లకింద పాత ప్రయోగశాల తాళంచెవి
ఇన్నాళ్ళూ ఆమె గుత్తిలోనే ఉంది.
పురుగు పొట్ట నొక్కి, గాజుపలక మీద చుక్క తీసి
కన్ను ఆనించింది. చాలాసేపు.

"ఉందా అమ్మా?" కెచువాలో అడిగాడు ముసలాయన.

తలెత్తకుండానే ఆమె:
"ఇంట్లో పిల్లలు ఏ గోడ పక్కన పడుకుంటారు?"