ఇరవై ఎనిమిది సెకన్లు

తెల్లెర్వో కెమెరాకి బ్యాటరీ లేదు.
గోడ గడియారానికిచ్చినట్టు కీ ఇవ్వాలి.
ఇస్తే ఇరవై ఎనిమిది సెకన్లు తిరుగుతుంది.
ఆ తర్వాత కవిత్వం ఎంత గొప్పదైనా
దానికి పట్టదు.

తాంపెరెలో మూతపడ్డ నూలు మిల్లు,
రెండో అంతస్తు, ఫిబ్రవరి.
యంత్రాలు అమ్మేశాక నేలలో మిగిలిన బోల్టు గుంతల్లో
ప్రేక్షకులు సిగరెట్లు ఆర్పేవాళ్ళు.
లెక్కపెడితే పదకొండు మంది,
వాచ్‌మన్‌తో కలిపి.

ఒకడు బూట్లతో పియానో ఎక్కాడు.
ఒకావిడ టెలిఫోన్ డైరెక్టరీ తెరిచి
తన ఇంటిపేరు వాళ్ళందర్నీ పేరుపేరునా
క్షమాపణ అడిగింది, గంటంబావు.
తెల్లెర్వో అన్నిటికీ మోకాళ్ళ మీదే,
వేళ్ళు కత్తిరించిన ఉన్ని తొడుగులతో.

చివర్న సైమి వచ్చింది.
సరస్సులోంచి కోసి తెచ్చిన మంచుముక్క
నోట్లో పెట్టుకుని మొదలెట్టింది.
ముందు అన్నీ అచ్చులే.
హల్లులు గడ్డ కింద చేపల్లా కొట్టుకున్నాయి.
మంచు కరిగేకొద్దీ మాట తేటపడాలి,
అదీ కవిత.
గడ్డం నుంచి నీళ్ళు కారి చొక్కా కాలరు తడిసింది.

ఇరవై ఎనిమిది. ఆగింది.
కర్ర్, కర్ర్, మళ్ళీ కీ.
ఆ కరకరలో సైమి ఏదో అంది.

మొదటిసారి పొరపాటనుకున్నాం.
రెండోసారి, కెమెరా అలిసేదాకా కాచుకుంది.
మూడోసారి నేను చూశాను, నవ్వుతోంది.
తేటపడ్డ మాటలన్నీ
కీ తిప్పే సందులోకే జారవిడుస్తోంది,
రైలు ఆగని స్టేషన్లో
ఉత్తరాల సంచి విసిరినట్టు.

నా పని శబ్దం. భుజాన టేపు పెట్టె.
ఆ మాటలు నా దగ్గరుండాలి.
ఉన్నది కర్ర్, కర్ర్.
చలికి ఓర్చుకోలేక
మైకుని కెమెరా పక్క స్టూలు మీద పెట్టి
చేతులు చంకల్లో దాచుకున్నాను.
ముప్ఫై తొమ్మిదేళ్ళు,
తెల్లెర్వోకి ఈ సంగతి చెప్పలేదు.

ఆమె ఆగిన చోటల్లా
అంతే పొడవు నల్ల ఫిల్ము అతికించింది.
నల్లదైనా డబ్బే కదా అన్నాను.
వినలేదు, కత్తెర వెతుక్కుంటోంది.

సైమి ఒవులు వెళ్ళి
పళ్ళ డాక్టరు దగ్గర గుమాస్తాగా చేరింది.
ఉత్తరం రాసి అడిగితే
గుర్తులేదని కార్డు ముక్క.

నిరుడు హెల్సింకిలో ఆ బొమ్మ మళ్ళీ వేశారు.
చీకట్లో ఆవిడ ఏమంటోందని
ముక్కుకి రింగున్న కుర్రాడొకడు అడిగాడు.
ఎనభై దాటిన తెల్లెర్వో
నా వైపు గడ్డం ఎత్తి చూపించింది:
"శబ్దం ఆయనది."

లేచి నిలబడ్డాను.
నోట్లోంచి అచ్చులే వచ్చాయి.
ప్రదర్శనలో భాగమనుకుని
హాలంతా చప్పట్లు.

తెల్లెర్వో కొట్టలేదు.
ఒళ్ళో పెట్టుకున్న కుడిచెయ్యి, ఖాళీది,
నెమ్మదిగా
ఏదో తిప్పుతోంది.