మూలుగుడు గిన్నె

పూర్ణా మార్కెట్‌లో ఎండు పళ్ళు
ఏభై గ్రాముల లెక్కన అడిగితే
కొట్టువాడు ఓసారి మొహంలోకి చూస్తాడు.
"ప్రసాదానికా అమ్మా?"
కాదు, మా చిన్నాన్నకి.
అంజూరాలు, ఆప్రికాట్లు, గింజ తీసిన ఖర్జూరం,
ముడతల్లో ఇసుక దాచుకున్న నల్ల కిస్మిస్.
పొట్లం తేలిక. బిల్లే బరువు.

రాత్రంతా టీ డికాషన్‌లో పడుకున్నాయి.
పొద్దున్నకి ఒళ్ళు చేసి,
ఎవరింటికో చుట్టాలొచ్చినట్టు
గిన్నె నిండా సర్దుకు కూర్చున్నాయి.

చిన్నాన్న ఎల్లాజీ ముప్ఫయ్యేళ్ళు ఓడల్లో వండాడు,
పొయ్యి మీద గిన్నెలకి తాళ్ళు కట్టి.
"తుపాన్లో ఓవెన్ తలుపు తీస్తే
కేకొచ్చి ఒళ్ళో కూకుంటాది.
అందుకే ఇది పొయ్యి మీదే. మూత కిందే."
దీనికి ఏదో దేశపు కెప్టెన్ ఒక పేరు చెప్పాడట,
అర్థం అడిగితే మూలిగి చూపించాడట.
అప్పట్నించీ మా కోటవీధి ఇంట్లో
ఇది మూలుగుడు గిన్నె.

కిందటేడు జ్వరం
ఆయన ముక్కులోంచి వాసనలన్నీ ఊడ్చుకుపోయింది.
కళ్ళు సగం. చెవులు మాత్రం పూర్తిగా ఉన్నాయి.
వంటింటి గుమ్మంలో ప్లాస్టిక్ స్టూలేసుకుని
వింటూ వండిస్తాడు.
"బెల్లం ఏటిది?"
అనకాపల్లిదే.
"రంగు?"
నలుపు.
"ఐతే ఎయ్. దాల్చినచెక్క ఇరిచెయ్, పొడి సెయ్యకు."

బిస్కెట్ అంటే నాకు తెలిసింది
టీలో ముంచగానే సగం మునిగిపోయేది.
ఆయన బిస్కెట్ వేరు.
మైదా, చిటికెడు సోడా,
ఈ ఊరి గాలికి డబ్బాలోనే గడ్డకట్టిన ఉప్పు,
ఫ్రిజ్‌లోంచి అప్పుడే తీసిన వెన్న వేళ్ళ కొసల్తో నలిపి,
పుల్ల మజ్జిగ పోసి...
"పిసక్కే గుంటా! చపాతీ కాదది.
దాని మీద కోపమేటి నీకు?"
ఉడికే పళ్ళ మీదకి
చెంచాతో ఆరు ముద్దలు జారవిడిచాను.
కాస్త మునిగి, తేలి,
లంగరేసుకున్నాయి.

మూత.
"ఇరవై నిమిషాలు. తీసావా, ఆవిరి పోద్ది.
పోయిన ఆవిరి పిలిస్తే రాదు."

లోపల మొదలైంది.
ముందు గురక, తర్వాత గొణుగుడు,
తర్వాత నడుం నొప్పి మనిషి పక్క మీద తిరిగినట్టు
ఒక పొడుగాటి మూలుగు.
చిన్నాన్న తలాడించాడు, కచేరీలో ముందు వరసలో ఉన్నట్టు.

పదకొండో నిమిషంలో గ్యాసైపోయింది.

నీలం మంట ఒకసారి పచ్చగా ఎగిరి
టప్ మంది.
మేడ మీద వసంతవేణి ఇండక్షన్ పొయ్యి పట్టుకుని
మెట్లన్నీ దూకి వచ్చింది పాపం.
మాది అల్యూమినియం గిన్నె.
అది మాతో మాట్లాడనంది, బీప్ బీప్ అని తిట్టి ఆరిపోయింది.

"నా స్వెట్టరట్రా," అన్నాడు.

విశాఖపట్నంలో స్వెట్టర్!
ట్రంకు పెట్టె అడుగున, నాఫ్తలీన్ ఉండల మధ్య
ముదురు నీలం ఉన్ని, మోచేతి దగ్గర అతుకు,
ఏ చలి రేవులో కొన్నాడో.
గిన్నెకి తొడిగాం.
చేతులు రెండూ మూత మీదుగా లాగి ముడేశాం.
బొగ్గు నుసి పడుతోందని ఆరేసిన బట్టలు తీయడానికి వెళ్ళి
తిరిగొచ్చేసరికి
ఆయన దాన్ని ఒళ్ళో పెట్టుకుని చెవి ఆనించి ఉన్నాడు.
"ఇంకా మూలుగుతోంది. ఒగ్గెయ్."

అరగంట అయ్యాక విప్పాం.
పైన తెల్లగా, పొంగీ పొంగనట్టు.
అంచు ముద్దలు బాగానే ఉన్నాయి,
నడిమిది చెంచాకి అంటుకుంది.
"అదే నాకెట్టు," అన్నాడు.
నమిలాడు. చాలాసేపు నమిలాడు.
"ఉప్పు సరిపోయింది" తప్ప
ఇంకేం అనలేదు.
వసంతవేణి రెండోసారి గిన్నె చాపింది.

స్వెట్టర్ ఇంకా ఉతకలేదు.
దాల్చినచెక్కా, అంజూరం, నాఫ్తలీనూ కలిసి
అదో రకం వాసన.
నిన్న దాన్ని మడతపెడుతూ
ముక్కు దగ్గర ఆపాడు చిన్నాన్న.
ఆపి, అలాగే నిలబడ్డాడు.

ఏమైనా తెలిసిందా అని
నేను అడగలేదు.
ఇరవై నిమిషాలు ఇంకా కాలేదు.