బస్రా పోయినోళ్లు

అక్షరానికి పద్దెనిమిది రూపాయలన్న.
ఈదయ్య సార్ బేరమాడలే.
దేవరకొండ డిపోల ముప్పై ఏండ్లు టికెట్లు చింపిన వేళ్లతోటి
లెక్కబెట్టి, "వత్తుకు వేరేనా?" అనడిగిండు.
బండను బస్సు టాపు మీద ఎక్కిచ్చి
లగేజి టికెట్టు తనే కొనుక్కున్న మనిషి.

పదకొండు మంది.
గుర్రాలకు గడ్డేసినోళ్లు, నీళ్లు మోసినోళ్లు,
తుపాకి ముట్టనోళ్లు,
నూరేండ్ల కింద తెల్లదొరల లడాయికి పోయి
ఇసుకల కలిసినోళ్లు.

ఊర్లె ఎవర్నడిగినా ఒక్కటే మాట:
"మా ముత్తాత బాసర పోయిండు, సన్నాసుల్ల కలిసిండు."
బాసర కాదమ్మా, బస్రా అని
సార్ ఇల్లిల్లు తిరిగిండు.
లచ్చుమమ్మ మేక మెడకు
గంట లెక్క ఏలాడే ఇత్తడి బిళ్లను
చింతపండుతోటి తోమి నంబరు చూపిచ్చిండు.
ఆమె తలుపు దగ్గరికేసింది:
"దేవుని కాడికి పోయినోణ్ణి
నువ్వెందుకు సంపుతున్నవ్ కొడుకా?"

ఆ రాత్రి నా కొట్టంల కూసొని
చాయ చల్లారినంక తాగిండు.
కలెక్టరాఫీసు జవాబు
జేబుల మడత కాడ చినిగింది: రికార్డు లేదు.

పదకొండోది పేరు కాదు.
"సాలోల్ల ఎంకని తమ్ముడు", అంతే దొరికింది.
అదే చెక్కమన్నడు.
ఆఖరి అక్షరం కాడ ఉలి జారి
కొమ్ము ఇరిగింది.
మార్చుత సార్ అన్న.
ఉండనీ అన్నడు.

మొన్న పొద్దుగాల ఆ బండ కాడ
లచ్చుమమ్మ కొబ్బరికాయ కొట్టింది.
బాసరకో, బస్రాకో
నేనడగలే.
మేక మాత్రం పక్కనే ఉంది,
మెడల బిళ్ల తళతళ.