కార్డు నంబరు 214

తాడిపత్రి శాఖా గ్రంథాలయంలో
చరిత్ర బీరువాకు తాళం లేదు, తలుపే సరిగ్గా పడదు.
విత్తనబుడ్డల సంచి మీద "స్పానిష్ రకం" అని
చిన్నప్పట్నించి చదివిన మాట
అక్కడొక పుస్తకం వెన్ను మీద సగం చిరిగి కనిపించింది.
బుడ్డలకు ఆ పేరెందుకొచ్చిందో చూద్దామని తెచ్చుకున్నాను.
అట్ట లేదు. రాసిందెవరో తెలీదు.
మొదటి పదహారు పేజీలు చెదలు చదువుకున్నాయి.

బుడ్డల సంగతి అందులో లేదు.

పరుపుల అంగట్లో మధ్యాహ్నం బేరాలుండవు.
నాయన కునుకు తీస్తాడు. ఏకే మిషను ఆపినా
దూది ఇంకాసేపు గాల్లో తిరుగుతుంది.
అప్పుడు తెరుస్తాను.
గ్రనడా అనే ఊరు. ఒక రాజు ఇంకో రాజుకు
కోట తాళాలిచ్చిన జనవరి.
రాజుల మీదే అరవై పేజీలు.
నాకు రాజులు నిలవలేదు,
ఆ తర్వాతి చిన్నక్షరాలు నిలిచాయి:
స్నానాల గదులు మూయమన్నారంట.
ఇంట్లో మాట మార్చుకోమన్నారంట, మూడేళ్ళ గడువు.
శుక్రవారం తలుపులు తెరిచి పెట్టమన్నారంట,
లోపలేం చేస్తున్నారో వీధికి కనపడాలని.

దూది పింజొకటి వచ్చి ఆ వాక్యం మీద వాలింది.
ఊదలేదు.

మనవళ్ళ కాలానికి తాతల మాట పోయింది,
అక్షరాలు మిగిలాయి.
స్పెయిను మాటల్నే అరబ్బీ అక్షరాల్లో
కుడి నుంచి ఎడమకు రాసుకుని
గోడల్లో, దొంగ కప్పుల్లో దాచారు.
పదహారు వందల తొమ్మిదిలో మనుషుల్ని ఓడలెక్కించడం మొదలైంది.
పుస్తకాలు ఎక్కలేదు.
రెండు వందల డెబ్బై అయిదేళ్ళకు
ఒక పల్లెలో పాత ఇల్లు కూలగొడుతుంటే
సున్నంతో పాటు రాలాయి.
ఊరి పిల్లలు కొన్నిటిని మంటేసుకున్నారంట.

అక్కడ, పేజీ అంచున, పెన్సిలుతో, తెలుగులో:
"మన మాదిరే."

మన అంటే ఎవరు?

మేం దూదేకులోళ్ళం. ఇంట్లో తెలుగే.
అవ్వ ఫక్కీరమ్మకు దువా సగమే వచ్చు,
మిగతా సగం తెలుగులో అడుగుతుంది,
ఆయనకు ఆ మాత్రం తెలుగు రాదా అంటుంది.
ఉర్దూ వాళ్ళింట్లో పెళ్ళికి పోతే మీకు మాట రాదంటారు.
బడిలో నా పేరు పిలిచిన కొత్త సారు
తెలుగు బాగా మాట్లాడతావే అన్నాడు.
ఇంకేం మాట్లాడాలో నాకు తెలీలేదు.

ఓబులయ్య సారు వెనక చీటీ తిప్పి చూశాడు.
ఒకే ముద్ర. 1987 జూలై 9. కార్డు నంబరు 214.
రిజిస్టరు అడిగాను.
పెన్నకు నీళ్ళొచ్చిన ఏడు తడిసిపోయిందన్నాడు,
అనేసి ఆయనకే నవ్వొచ్చింది, పెన్నకు నీళ్ళా అని.
నాపరాళ్ళ కోత మిషను మీద పనిచేసినాయనేమో,
రైలు టేషన్లో గార్డేమో అని ఊహిస్తున్నాను వారం నుంచి.
మళ్ళీ చూస్తే అక్షరాలు గుండ్రంగా,
పలక మీద దిద్దించే చేతి మాదిరి ఉన్నాయి.
పంతులమ్మేమో. ఆ దిక్కు నేను వెదకనే లేదు.

రాత్రి అవ్వకు చదివి వినిపించాను.
దిండు కుడుతూ అంతా వినింది. అడిగింది:
"ఓడెక్కేటప్పుడు పరుపులు తీసకపోనిచ్చినారా?"
వెతికాను. ఎవరు మోయగలిగినంత వాళ్ళు, అని ఉంది.
"పరుపు యాడ మోస్తారులే," అంది,
"సూది పెట్టుకోనింటారు. సూది బరువుండదు."

శుక్రవారం గ్రంథాలయానికి సెలవు.
శనివారం తిరిగిచ్చేముందు
ఆ పెన్సిలు మాట కింద నేనూ రాశాను:
"కొంచెమే. మనల్ని ఎవరూ ఓడెక్కించలేదు. అయినా..."
అంచు అయిపోయింది.

214 కింద నా నంబరు, తేదీ ముద్ర.
ఓబులయ్య సారు భుజంతో నెట్టి బీరువా మూశాడు.
అది మెల్లగా మళ్ళీ తెరుచుకుంది.