తెగిన పోగులు లెక్కపెట్టినవాడు

నెల్లిమర్ల జూటుమిల్లు, స్పిన్నింగు ఖాతాలో
నాకొక స్టూలు వేశారు.
మెడలో స్టాప్‌వాచీ, ఒళ్లో గళ్ల కాగితం.
పోగు తెగినప్పుడల్లా ఒక గీత.
ఎమ్మెస్సీ ఇంకా చేతికి రాని నాకు
డబ్బిచ్చి చేయించుకున్న తొలి లెక్క అది.

రెండు ఫ్రేముల మధ్య సందులో
తవిటయ్య నడుస్తుండేవాడు.
కనుబొమల మీద గోగునార నూగు,
అరవై దాటినవాడిలా. నిజానికి నలభై లేవు.
ఎటు తెగుతుందో తెలియదు కనక
ఎటూ కాని నడక.
తెగిన కొసకి బొటనవేలితో ఒక్క మెలి.
నా వాచీలో ముల్లు ఏడు సెకన్లు దాటేది కాదు.

"ఇందాకే తెగిందిగా, కాసేపు తెగదులే" అన్నానోసారి.
యంత్రాల హోరులో నోరు నా చెవికి ఆనించి
"ఇందాక తెగినానని దానికేటి గ్నాపకం బాబూ?
దారానికి నిన్న నేదు" అన్నాడు.

ఎంతసేపు ఎదురుచూశావన్నది
ఇంకెంతసేపు చూడాలన్నదాన్ని తగ్గించదు.
మా పుస్తకంలో దానికి అరపేజీ నిరూపణ,
చివర ఒక నల్ల చదరం.
మూడు రాత్రులు బట్టీపట్టాను నేను.

పదిహేను రోజుల గీతలు కలిపాను.
నిమిషానికి ఇన్ని. ఇదీ లామ్డా అన్నాను.
తవిటయ్య ఒప్పుకోలేదు.
మిట్టమధ్యాన్నం నార పెళుసెక్కుద్దట.
చంపావతి మీంచి చినుకు వాసనొస్తే
పోగు మెత్తబడి మాటింటాదట.
ఊరగుంటలో రెండ్రోజులు తక్కువ నానిన కట్ట
కళ్లు మూసుకుని తడిమినా దొరికిపోద్దట.
"ఏ వూరి కట్టో సెప్పు,
ఎన్నిసార్లు తెగుద్దో నాను సెప్తాను."
గళ్ల కాగితంలో ఊరికి గడి లేదు.
అన్ని ఊళ్లనీ కలిపి, అన్ని పూటల్నీ కలిపి
భాగించాను.

నివేదిక పన్నెండు పేజీలు. అట్ట వేయించాను.
రెండు ఫ్రేముల మనిషికి గంటలో
ముప్ఫయ్యెనిమిది నిమిషాలే పని.
మూడోది కలిపితే యాభయ్యేడు.
అరవైకి లోపలే.
ఆ చివరి మూడు నిమిషాల్లోనే
వరస ఏనుగు తోకలా కాదు, తొండంలా లేస్తుందని
నేను చదివాను. పరీక్షలో రాశాను. మార్కులొచ్చాయి.
నివేదికలో మాత్రం
"అరవైకి లోపలే" అని రాశాను.

ఆపై నెల ప్రతి ముగ్గురిలో ఒకరు గేటు బయట.
తవిటయ్య పక్క సందు అసిరప్పడు
సైకిలు తోసుకుంటూ వెళ్లాడు, ఎక్కకుండా.
బీమా లేదు, ఏమీ లేదు, టిఫిను డబ్బా హేండిలుకి.

మళ్లీ ఒకసారి వెళ్లాను, మిగతా డబ్బుల కోసం.
తవిటయ్య నడవడం లేదు. పరిగెడుతున్నాడు.
ఇటు ముడేస్తే అటు రెండు తెగి వేలాడుతున్నాయి,
అటు అందుకునేలోగా వెనక మూడోది.
తలెత్తి నన్ను చూశాడో లేదో తెలియదు.
గంటకి నేను మిగిల్చిన మూడు నిమిషాలు
ఆ సందులో ఎక్కడా కనపడలేదు.
స్టూలు ఇంకా అక్కడే ఉంది, బాబిన్లు పెట్టుకుంటున్నారు.

ఇప్పుడు విజయనగరంలో పాఠం చెప్తాను.
ఏటా జులైలో బోర్డు మీద అదే వాక్యం:
లామ్డా ఇవ్వబడినది.
ఈ ఏడు వెనక బెంచీలోంచి ఒక గుంట లేచి
"ఇవ్వబడినది అంటే, ఎవరిచ్చారు సార్?" అంది.
క్లాసు నవ్వింది.
నేను జవాబు చెప్పకుండా
"మీదే వూరమ్మా?" అన్నాను.
"గుర్ల సార్."

లామ్డా పక్కన, కిందగా, చిన్నగా
'గు' అని రాశాను.
ఎవరూ నోట్సులో ఎక్కించుకోలేదు.
సిలబస్‌లో లేదు కదా.