మెన్జూ కాళ్ళు

మా అటక మీద పందితొడలు వేలాడదీసే దండెం ఒకటుండేది.
అది దండెం కాదని
నాకు పదకొండో ఏట చెప్పింది నానమ్మ మార్యులిక్.
"అవి మా తాత మెన్జూ కాళ్ళు."

మనిషెత్తు కర్రలు రెండు,
నడుమ పాదం ఆనే చెక్క,
పిక్కకి చుట్టే తోలుపట్టీ ఎండి అప్పడంలా విరుగుతోంది.
కింది మొనలకి గొర్రె ఎముక తొడుగు.

మా లాండ్స్ సీమలో అప్పుడు చెట్టే లేదంటే
ఈ పైన్ అడవిలో పుట్టినదాన్ని, నేనెలా నమ్మను?
చలికాలం నేలంతా నీళ్ళు, ఎండాకాలం నేలంతా బూడిద.
ఇసక కింద తుప్పురంగు రాతిపొర:
నీటిని దిగనివ్వదు, వేరునీ దిగనివ్వదు.
మోకాటి లోతు బురదలో మంద వెంట తిరగలేక
మావాళ్ళు కొంగల్ని చూసి నడక నేర్చుకున్నారు.

పొద్దున్నే కిటికీ గట్టు మీద కూచుని
మెన్జూ కాళ్ళు కట్టుకునేవాడట.
పొద్దుగూకాక అదే గట్టు మీద దిగేవాడట.
మూడో కర్ర నడుముకి ఆనించి
నిలబడే కూర్చుని, గొర్రెల్ని చూస్తూ
మేజోళ్ళు అల్లేవాడు.
రెండొందల గొర్రెలు.
పాలకి కాదు, మాంసానికి కాదు, పెంటకి.
ఆ పెంట ఇసకలో కలిస్తేనే
మా పొయ్యి మీద రై గింజల వాసన.

జ్వరాలుండేవి. కుంటల పక్కన
పసిపిల్లలు పసుపుపచ్చగా పోయేవాళ్ళు.
అదీ చెప్పాలి. చెప్పకపోతే ఇదంతా
పోస్టుకార్డు మీది బొమ్మ అయిపోతుంది.

తర్వాత పట్నం నుంచి కాగితం వచ్చింది.
ఉమ్మడి నేల అమ్మండి, కాలవలు తవ్వండి, పైన్ నాటండి.
నిన్నటిదాకా ఎవరిదీ కాని గడ్డి మీద
గొర్రె నోరు పెడితే దొంగతనం.
రాత్రిళ్ళు లేతమొక్కలు తగలబడేవి.
పోలీసులొచ్చి అడిగితే ఊరు ఊరంతా ఒకటే మాట:
"పిడుగు."
మబ్బుతునక లేని ఆగస్టులో.

మెన్జూ అంటించాడా?
ఈ ప్రశ్న అడిగినప్పుడల్లా నానమ్మ
పొయ్యిలో కట్టె ఎగదోసేది.

అతని కొడుకు కాళ్ళు కట్టుకోలేదు, గొడ్డలి పట్టాడు.
చెట్టు ఒంటికి గాటు పెట్టి, కింద మట్టిముంత తగిలించి
కారిన జిగురులో సగం దొరకి, సగం మాకు.
ఆ ముంతల్లో ఇప్పుడు సెలవులకొచ్చేవాళ్ళు
పూలమొక్కలు పెంచుకుంటున్నారు.

ఆ జనవరి రాత్రి గాలి.
నేను కలప కొలిచే ఉద్యోగంలో ఉన్నాను.
తెల్లారేసరికి కొలవడానికేం లేదు:
మైళ్ళ కొద్దీ పైన్లు ఒకే వైపుకి
తల దువ్వినట్టు పడున్నాయి.
తాగే చెట్లు లేవు కదా,
నెల తిరక్కుండా నీళ్ళు పైకొచ్చాయి.
తొంభై ఏళ్ళ నానమ్మ గుమ్మంలో కుర్చీ వేయించుకుని
"ఇదే" అంది.
తనూ ఎన్నడూ చూసింది కాదు, తాత నోట విన్నది.

దండెం దించాను.
కొవ్వు మరకలు గుడ్డతో తుడిచి
తోలుపట్టీ బదులు పాత కారు సీటుబెల్టు కట్టి
కిటికీ గట్టు మీంచి లేచాను.
మూడడుగులు.

పైనొక ఆకాశం, కిందొక ఆకాశం.
మధ్యలో బూడిదరంగు కొంగలు నలభైయో యాభయ్యో,
నాలాగే ఆచితూచి.
ఆవల, మా ఇంటి నుంచి కనబడుతుందని
ఎవరూ చెప్పని, పక్కూరి చర్చి గంటస్తంభం.
నాలుగో అడుగుకి నీళ్ళలో పడ్డాను.

"గొర్రెలు ఎటెళ్ళాయో కనబడ్డాయా?"
నానమ్మ గుమ్మంలోంచే అడిగింది, నవ్వకుండా.

సోమవారం మొక్కల కంపెనీ అతనొచ్చాడు.
హెక్టారుకి పన్నెండు వందల యాభై.
అప్పులున్నాయి, సంతకం పెట్టాను.
ఇంటి ముందు, నీళ్ళు నిలిచిన ఆ మూల మాత్రం
వదిలెయ్యమన్నాను.
ఎందుకన్నాడు.
అక్కడ పిడుగులు పడతాయని చెప్పాను.